ఎవరి చేతి ముద్ద

"వదలరా కుక్కల్ని," అన్నాడు భూస్వామి.

గేటు అవతల నలభై మంది కూలీలు నిలబడ్డారు. రాళ్ళేరి తాము సాగులోకి తెచ్చిన బీడు తమకే కావాలని అడిగారు. అదే వాళ్ళ నేరం. ముందు వరసలో పాలేరు భార్య ఉంది.

పాలేరు రెండు గొలుసులనూ పిడికిట బిగించాడు. "మనవాళ్ళేనయ్యా. ఒక్క మాట మాట్లాడి పంపెయ్యండి."

"ఇరవై ఏళ్ళు నా తిండి తిని, ఇవాళ వాళ్ళు నీకు మనవాళ్ళయ్యారా? ఆ కుక్కల్ని చూసి నేర్చుకో. ఎవరు పెడితే వాళ్ళకే పడుంటాయి. నీకంటే అవే నయం."

పాలేరు తల వంచుకుని గేటు తీశాడు. గొలుసులు విప్పాడు.

కుక్కలు మొరుగుతూ దూసుకుపోయాయి. కూలీల్లో ఒక్కరూ కదల్లేదు. పాలేరు భార్య చెయ్యి చాపింది. పెద్ద కుక్క ఆ అరచేయి నాకి, తోకాడిస్తూ ఆమె కాళ్ళ దగ్గర కూర్చుంది. రెండోది వరస పొడుగునా ఒక్కొక్కరినీ వాసన చూసి పలకరించింది.

"ఏం చేశావురా వీటిని?" అని అరిచాడు భూస్వామి.

"ఎవరు పెడితే వాళ్ళకే పడుంటాయని మీరే ఎప్పుడూ అంటారు కదయ్యా. అందుకే ఆర్నెల్లుగా పొద్దున్నే చేలోకి తీసుకెళ్ళి వాళ్ళ చేత పెట్టిస్తున్నాను. వాళ్ళు తినేదాంట్లోంచే పెట్టారు."

భూస్వామి కోపంగా మెట్లు దిగి ఒకడుగు ముందుకేశాడు. రెండు కుక్కలూ తల తిప్పి గుర్రుమన్నాయి.

"అక్కడే ఆగండయ్యా," అన్నాడు పాలేరు మెల్లగా. "మీ చేత్తో ఏనాడూ వాటికి ఒక్క ముద్ద పెట్టలేదు. మీరెవరో వాటికి తెలీదు."