అబూ నిమ్ర్ గుమ్మం

మొదటి పోటు బహీజా భుజం మీద పడింది. చూస్తున్న జనం చప్పట్లు కొట్టారు.

పాపం, వాళ్ళకేం తెలుసు? యాఫా ఓడరేవు పక్కన ఆ రాళ్ళ మీద వారం రోజులుగా సినిమా తీస్తున్నారు. బహీజా పెళ్ళికూతురి వేషంలో ఉంది, ఎదురుగా కెమెరా తిరుగుతోంది. ఎవడో కత్తి పట్టుకుని జనంలోంచి దూసుకొస్తే అదీ కథలో భాగమే అనుకున్నారు. "వీడు ఆ హీరో కన్నా నయంరా," అని చేపలమ్మే ముసలాయన మెచ్చుకున్నాడు కూడా.

వాడు నాయిఫ్, ఆమె సొంత అన్న. డైరెక్టరు మాత్రం అది వేషం కాదని గ్రహించి కెమెరా వెనక్కి నక్కాడు.

"అన్నా, ఒక్క మాట విను," అంది బహీజా, భుజం పట్టుకుని వెనక్కి జరుగుతూ.

"మాటలు తెర మీద చెప్పుకో. ఊళ్ళో నన్ను తలెత్తుకోనివ్వకుండా చేశావు."

"ఉన్నదే రెండు సినిమాలు. మొదటిదాన్లో నన్ను చూసింది నలభైమంది కూడా లేరు."

"ఆ నలభైమందీ నాతో పనిచేసేవాళ్ళే."

రెండో పోటు గురి తప్పి మేలిముసుగు చీల్చుకుంటూ పోయింది. బహీజా మెట్ల వీధిలోకి పరుగెత్తింది. వెనకాల నాయిఫ్ బూటుకాళ్ళ చప్పుడు. ఆమెను చూసిన ఆడవాళ్ళు కిటికీలు దభీమని వేసుకున్నారు. ఒక తలుపు కొట్టింది, తియ్యలేదు. ఇంకొకటి కొట్టింది, లోపల గడియ పడిన శబ్దం వినిపించింది. మలుపులో ఒక్క ఇంటి తలుపు బార్లా తీసి ఉంది. లోపల ఏనుగులాంటి మనిషి ఒకడు కూర్చుని వల బాగుచేసుకుంటున్నాడు. అతనెవరో ఆమెకు తెలియదు. రెండు చేతులతో ద్వారబంధం పట్టుకుని అక్కడే కూలబడింది.

"నీ గుమ్మం పట్టుకున్నాను. నీ శరణు," అంది.

అలా పట్టుకున్న మనిషిని నువ్వెవరివి, ఏం చేశావు అని అడగడం ఆ ఊళ్ళో మహా తప్పు. ముందు మాటివ్వాలి. అతను వల పక్కన పడేసి లేచాడు.

"పట్టుకున్నావుగా, ఇంక భయం లేదు. అబూ నిమ్ర్ కంఠంలో ఊపిరున్నంతవరకు నీ ఒంటి మీద ఈగ వాలదు."

అతని భార్య పరుగున వచ్చి కొంగుతో గాయం అదిమింది. "అమ్మా, ఎంత రక్తం పోయిందో. ఇంతకీ ఆ మొహానికి రంగేమిటి తల్లీ?"

"అడక్కు," అన్నాడు అబూ నిమ్ర్. "మాటిచ్చేశాను."

అంతలో నాయిఫ్ రొప్పుతూ గుమ్మం ముందుకొచ్చాడు. ఇంటాయనను చూడగానే వాడి మొహం విప్పారింది.

"నీ దగ్గరే దొరికిందా బాబాయ్? బతికించావు. జుట్టు పట్టుకుని ఇటు తొయ్యి."

బహీజా ద్వారబంధాన్ని ఇంకా గట్టిగా పట్టుకుంది. వీళ్ళిద్దరికీ పరిచయమే. అబూ నిమ్ర్ నాయిఫ్‌ను చూశాడు, ఆమె మొహం మీది రంగును చూశాడు. అతని నల్లటి మొహం బూడిదలా పాలిపోయింది. మూలనున్న తెడ్డు చేతిలోకి తీసుకున్నాడు.

"వెనక్కి పో," అన్నాడు.

"అది నా చెల్లెలు బాబాయ్. ఆ సినిమాలది..."

"ఎవరి చెల్లెలైతే నాకేంటి. నా గుమ్మం పట్టుకుంది."

"వేళాకోళానికి ఇదా సమయం?" అంటూ నాయిఫ్ ఆమె మీదికి కత్తి ఎత్తాడు. అబూ నిమ్ర్ ముంజెయ్యి అడ్డం పెట్టాడు. మోచేతి దాకా చర్మం లేచిపోయింది. అయినా ఆ మనిషి అబ్బా అనలేదు. తెడ్డు తిప్పి నాయిఫ్ మణికట్టు మీద ఒక్కటేశాడు. ఎముక పటుక్కుమంది, కత్తి వాకిట్లో పడింది. వాడు ఎడమచేత్తో దాన్ని అందుకోబోతే మోకాలి మీద రెండోది, వీపు మీద మూడోది పడ్డాయి. నాలుగో దెబ్బకు తెడ్డు రెండు ముక్కలైంది. నాయిఫ్ రాళ్ళ మీద బోర్లా పడి పళ్ళలోంచి కారే రక్తం ఉమ్ముతున్నా అతను ఆగలేదు, మిగిలిన ముక్కతోనే బాదుతున్నాడు. తన మీద తనకే కసి ఉన్నట్టు బాదుతున్నాడు. బహీజాకే చూడలేక కళ్ళు మూసుకోవాలనిపించింది.

"చాలు, చచ్చిపోతాడు," అంది.

అబూ నిమ్ర్ ఆగాడు. నాయిఫ్ తల ఎత్తి, చితికిన పెదవులతో చంటిపిల్లాడిలా వెక్కుతూ అడిగాడు:

"పొద్దున పడవ దగ్గర, దాన్ని చంపొస్తేనే ఇకమీద నా పడవలో నీకు పని అని నన్ను పంపింది నువ్వే కదా బాబాయ్?"