చివరి కార్డు

"పేర్లు మాత్రం కొయ్యకండమ్మా."

టీవీ ఛానల్ క్యాంటీన్‌లో ఎదుటి కుర్చీలోని పెద్దాయన అన్న మాటకు ఎడిటరమ్మకు నవ్వొచ్చింది.

పాత సినిమాలనూ సీరియళ్లనూ ప్రకటనలకు చోటు మిగిలేలా కత్తిరించడం ఆమె ఉద్యోగం. ఆమె కత్తెర మొదట పడేది తెర మీద వచ్చే పనివాళ్ల పేర్ల మీదే. ఇన్నేళ్లలో వాటి కోసం అడిగిన నాథుడు లేడు.

"పేర్లెవరు చూస్తారు బాబాయ్ గారూ?"

"ఆ పేరున్నవాళ్లు చూస్తారు. వాళ్ల పిల్లలు చూస్తారు."

ఆయన జేబులోంచి మడతల కాగితం తీసి ఇచ్చాడు. పై మడతలో నాలుగే అంశాలున్నాయి. ఒక హాస్యచిత్రం, దెయ్యాల సీరియల్, కోర్టు కథ, పిల్లల సీరియల్.

"ఇవన్నీ మీరు పనిచేసినవా? ఒకదానికొకటి పొంతనే లేదే!"

"దొరికిన పనల్లా చేశానమ్మా. కడుపుకి నచ్చనిదంటూ ఉంటుందా?"

ఆయన ముంజేతి మీద పాత కాలిన మచ్చ ఉంది. లైట్లు మోసిన మనిషై ఉంటాడని ఆమె తీర్మానించేసుకుంది.

"అన్ని పేర్లూ ఉంచితే నా ఉద్యోగం ఊడుతుంది."

"అయితే చివరి కార్డు తీసేయండి. మిగతావి ఉంటే చాలు."

పేర్లలో అన్నిటికన్నా చివర వచ్చే కార్డు ఎప్పుడూ డైరెక్టర్‌దే. సినిమా అయినా సీరియల్ అయినా అదే ఆనవాయితీ.

"డైరెక్టర్‌తో మీకు బాగా చెడినట్టుందే!"

"మొండిఘటం. సెట్లో అందరి మీదా ఎగిరేవాడు. ఇంటి మొహం చూసేవాడు కాదు. చూసి చూసి ఇల్లే అతన్ని వదిలేసింది. ఆ పేరు చూసి మురిసేవాళ్లు ఎవరూ లేరమ్మా."

పాపం, ఎన్ని తిట్లు తిన్నాడో అనుకుందామె. పిల్లల సీరియల్ పేరు దగ్గర మాత్రం ఆమె వేలు ఆగింది.

"ఇది చూస్తూనే పెరిగాను. అమ్మ బయట తాళం వేసి పనికెళ్లేది. ఇంట్లో నేనొక్కదాన్నే. ఇందులో బొమ్మ తాబేలు చివర్లో నావైపు తిరిగి, 'భయపడకు, రేపు మళ్లీ వస్తా' అనేది. ఆ మాట అనిపించిన మనిషి కనబడితే కాళ్లకు దండం పెడతాను."

పెద్దాయన టీ కప్పు పక్కకు జరిపాడు.

"చాలామంది చెయ్యి పడిందమ్మా దాంట్లో. అందుకే పేర్లు ఉంచమంటున్నా."

"చూద్దాం లెండి" అని ఆమె కాగితాన్ని సొరుగులో పడేసింది.

ఆ తర్వాత ఆయన రోజూ వచ్చాడు. రోజూ అదే అడిగాడు. ఆమె రోజూ "చూద్దాం" అంది.

"రేపు మళ్లీ వస్తానమ్మా" అని మెల్లగా లేచి వెళ్లేవాడు.

ఒక వారం ఎదుటి కుర్చీ ఖాళీగానే ఉంది. ఆమెకు టీ రుచించలేదు. గేటు దగ్గర వాచ్‌మన్‌ని అడిగింది.

"ఆ కాగితం తాతేనా మేడమ్? పోయాడట. వెనక వీధి లాడ్జిలో ఒక్కడే ఉండేవాడు. నా అన్నవాళ్లు ఒక్కరూ రాలేదు. లాడ్జి మేనేజరే అన్నీ జరిపించాడు."

మర్నాడే పిల్లల సీరియల్ ఆమె బల్ల మీదికొచ్చింది. ఉద్యోగం పోతే పోనీ అనుకుంది. మొదటిసారి పేర్లన్నీ కదలనిచ్చింది. బొమ్మలు కుట్టినవాళ్లు, రంగులు వేసినవాళ్లు, లైట్లు పట్టినవాళ్లు ఒక్కొక్కరే వచ్చి వెళ్లారు. లైట్ల వాళ్లలో ఆయన పేరు ఏదై ఉంటుందా అని వెతికి, కనీసం పేరైనా అడగలేదని సిగ్గుపడింది.

తెర మీద చివరి కార్డు నిలిచింది. ఆయన కోరినట్టే దాన్ని తీసేద్దామని కత్తెర గుర్తు మీదికి చెయ్యి పోనిచ్చింది. ముందు ఒకసారి చూద్దామని సొరుగులోంచి కాగితం తీసి, ఎన్నడూ విప్పని కింది మడత విప్పింది.

'ఇట్లు' అని రాసిన చోట, దాని కింద, తెర మీద నిలిచిన డైరెక్టర్ పేరే ఉంది.