రాగి పెళ్ళిరోజు

"వస్తావా, రావా? పాట మొదలయ్యేలోగా తేల్చు" అన్నాడు స్టీన్.

మెరేటె షెడ్డు గోడకి ఆనుకుని నిలబడింది. రాత్రి గౌను మీద కోటు, కాళ్ళకి రబ్బరు బూట్లు. ఆమె బట్టల సంచీ అప్పటికే స్టీన్ కారులో ఉంది. షెడ్డుకి అవతల ఇరుగుపొరుగు గుసగుసలాడుకుంటూ ఇంటి గుమ్మానికి దేవదారు కొమ్మల తోరణం కడుతున్నారు. మెరేటెకీ ఆస్గర్‌కీ పెళ్ళయి ఆ ఉదయానికి పన్నెండున్నరేళ్ళు. వెండి పెళ్ళిరోజుకి సగం దారి, రాగి పెళ్ళిరోజు. డెన్మార్క్‌లోని ఆ జట్లాండ్ రేవులో ఆ రోజు పొద్దున్నే వీధి వీధంతా వచ్చి గుమ్మం ముందు పాడుతుంది. అంతవరకూ ఆలుమగలు ఏమీ ఎరగనట్టు మంచం మీద నిద్ర నటించాలి. పాట వినగానే తెగ ఆశ్చర్యపోయి, పడుకున్న బట్టలతోనే తోరణం కిందికి రావాలి. ఈ నాటకం తప్పించుకున్న జంట ఆ ఊళ్ళో లేదు.

"నిన్న సరేనన్నావు" అన్నాడు స్టీన్.

"నిన్న తోరణం లేదు."

"అందుకే ఇప్పుడే వెళ్ళాలి. ఒక్కసారి దాని కింద నిలబడ్డావంటే ఇక కదలవు. నీ సంగతి నాకు తెలుసు."

అది నిజమే. రెండేళ్ళ కిందట సముద్రం మీద వల లాగే తాడు తెగి ఆస్గర్‌ని కొట్టింది. మెడ కింద ఒళ్ళంతా చచ్చుబడిపోయింది. ఆ పడవలో సగం వాటా స్టీన్‌ది. అప్పట్నుంచీ రోజూ పొద్దున్నే వచ్చి స్నేహితుణ్ణి ఎత్తి కుర్చీలో కూర్చోబెట్టేది అతనే. ఆ రాకపోకల్లో, ఆ కాఫీల మధ్య మెరేటె మనసు జారింది. అది జాలి అనో స్నేహం అనో ఆమె తనకి తాను సర్దిచెప్పుకోలేదు. స్టీన్ అంటే ఆమెకి ప్రేమే.

"మరి ఆస్గర్?" అంది.

"మునిసిపాలిటీ మనుషుల్ని పంపుతుంది. పగలూ రాత్రీ కనిపెట్టుకుని ఉంటారు."

"వాళ్ళు ఒళ్ళు చూస్తారు. మనిషిని ఎవరు చూస్తారు?"

"తట్టుకుంటాడు."

"నువ్వు చెప్పేస్తే సరా?"

స్టీన్ కారు తాళాలు ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నాడు. ఆమె ముఖంలోకి చూడడు. ప్రేమించినదాన్ని తీసుకుపోవడానికి వచ్చినవాడిలా లేడు, పన్ను పీకించుకోవడానికి వచ్చినవాడిలా ఉన్నాడు.

షెడ్డు మూల నుంచి పక్కింటి టోవె తొంగిచూసింది. డెబ్బై దాటినా సుత్తి ఇంకొకరి చేతికివ్వని మనిషి. నోట్లోంచి మేకులు తీసి మరీ తిట్టింది.

"పెళ్ళికూతురు బయట తిరుగుతోందేమిటి? నిద్రపోతూ ఉండాలి కదే నువ్వు. సరే, నేను నిన్ను చూడలేదు, నువ్వు నన్ను చూడలేదు. లోపలికి పో. ఆస్గర్ ఒక్కడే ఎంతసేపని నిద్ర నటిస్తాడు? స్టీన్, నువ్విక్కడ ఏం వెలగబెడుతున్నావు? అక్కడ నిచ్చెన పట్టుకునే దిక్కు లేదు."

"వస్తున్నా."

"ఆ వచ్చేదేదో మేము కింద పడకముందే రా."

ఆమె వెళ్ళిపోయింది. మెరేటె ఇంటి వెనక తలుపు వంక చూసింది.

"నేను రాను, స్టీన్."

"జాలిపడుతున్నావా?"

"జాలి అయితే రెండేళ్ళు ఉండేది కాదు, ఎప్పుడో అయిపోయేది. మేమింకా పోట్లాడుకుంటాం. సూపులో ఉప్పు లేదని నన్ను తిడతాడు, నేను చెంచా విసిరేస్తాను, తర్వాత ఇద్దరం పడీ పడీ నవ్వుతాం. నువ్వు కావాలి నాకు. కానీ అతను లేకుండా ఉండలేను. ఆ సంచీ తెచ్చి షెడ్డులో పడెయ్."

"ఇంకొక్కసారి ఆలోచించు, మెరేటె. నీ కాళ్ళు పట్టుకుంటాను."

"ఇన్నాళ్ళూ చేసింది ఆలోచనే."

స్టీన్ చేపల పెట్టె మీద కూలబడి ముఖం చేతుల్లో దాచుకున్నాడు. మెరేటె ఇంట్లోకి పరుగెత్తింది. తడి బూట్లు విప్పడానికైనా ఆగలేదు. ఆ ఇంట్లో బూట్లతో నడిచేది, ఆస్గర్‌ని ఎత్తేటప్పుడు కాలు జారకూడదని, స్టీన్ ఒక్కడే.

ఆస్గర్ గోడవైపు తిరిగి ఉన్నాడు. తనంతట తాను ఇటు తిరగలేడు. బయట టోవె గొంతు సవరించుకోవడం వినిపిస్తోంది. మెరేటె బూట్లు చప్పుడవుతుండగా మంచం దగ్గరికి వెళ్ళి, అతని భుజం మీద చెయ్యి వెయ్యబోయింది.

"కారెక్కిందా, స్టీన్?" అన్నాడు ఆస్గర్ గోడవైపే చూస్తూ. "ఇన్ని నెలలు బతిమాలితే గానీ నువ్వు నా మాట వినలేదు. ఇక ఇక్కడ నిలబడకు, తీసుకుపోరా దాన్ని."