ముడుపు కాయ

ఆ షేక్ తనతో ఒక్క మాటైనా ఎందుకు మాట్లాడలేదన్నది గణపతికి ఏళ్ళుగా తీరని అనుమానం.

కూలివాడి మొహం చూసి మాట్లాడబుద్ధి కాలేదా? అలాగైతే లేచి వెంట ఎందుకు వచ్చాడు?

అది ఎనభై ఏడో సంవత్సరం, మస్కట్‌కు దూరంగా సమాయిల్‌లో బిల్డింగు కడుతున్న సైట్. లచ్చన్న మూడో అంతస్తు పరంజా మీంచి పడ్డాడు. తొడ ఎముక బయటికి వచ్చింది. సైట్‌లో ఉన్నది ఒక్కటే పికప్.

"గాడీ సిమెంటుకు పోవాలి. శామ్ కో దేఖేంగే," అన్నాడు ఫోర్‌మన్.

సాయంత్రం దాకా లచ్చన్న ఉండడు. ఇద్దరిదీ జగిత్యాల పక్కన ఒకే ఊరు. గణపతి రోడ్డు మీదికి పరుగెత్తాడు.

ఆ వారం ఊరి పాత కోట దగ్గర ఎవరో తెల్లవాళ్ళు గుడారాలు వేశారు. చమురు కోసం వచ్చారని సైట్‌లో అనుకున్నారు. వాటికి ఇవతల, ఖర్జూరపు చెట్టు నీడన, ఒక ముసలి షేక్ కుర్చీలో ఒంటరిగా కూర్చుని ఉన్నాడు. కాళ్ళదాకా తెల్లటి దిష్‌దాషా అంగీ, తలపాగా, నడుముకు వెండి ఒరలో వంకర బాకు, ఖంజర్. చెమట కారి మెడ దగ్గర బట్ట గోధుమరంగుకు తిరిగింది.

గణపతి కాళ్ళ మీద పడ్డాడు.

"అర్బాబ్! మేరా ఆద్మీ మర్ రహా హై!" రక్తం అంటిన చేతులు చూపించాడు.

షేక్ ఆ చేతులను చూశాడు. గుడారాల వైపు ఒకసారి తిరిగి చూశాడు. లేచాడు.

సైట్‌లో ఆయన ఫోర్‌మన్ ఎదుట నిలబడి, ఒక చెయ్యి ఖంజర్ మీద వేసి, రెండో చేత్తో పికప్‌ను చూపించాడు. అంతే. ఫోర్‌మన్ మొహం పాలిపోయింది.

"హాజిర్, షేక్, హాజిర్!" తాళాలు తనే తెచ్చి ఇచ్చాడు.

బండి కదిలాక గణపతి వెనక్కి చూశాడు. షేక్ గుండె మీద చెయ్యి పెట్టుకుని ఇంకా అక్కడే నిలబడి ఉన్నాడు.

లచ్చన్న బతికితే, దర్గాలో కొట్టినట్టు ఆ షేక్ ముందు కొబ్బరికాయ కొడతానని ఆసుపత్రి వరండాలో గణపతి మొక్కుకున్నాడు. లచ్చన్న బతికాడు. కాలు మాత్రం పోయింది. కంపెనీ ఒక టికెట్ చేతిలో పెట్టి ఇంటికి పంపేసింది. గణపతి పసుపు గుడ్డలో కాయ కట్టుకుని సమాయిల్ అంతా తిరిగాడు.

"అట్లాంటి షేక్ మా ఊళ్ళో ఎవరూ లేరు భాయ్," అన్నాడు కిరాణా కొట్టు షరీఫ్.

మరుసటి ఏడు కంపెనీ గణపతిని మస్కట్‌కు మార్చింది. అక్కడ దార్సైట్‌లో కూలీలంతా కలిసి ఉండే రూమ్‌లో, మంచం పైకమ్మీకి ఆ ముడుపు వేలాడేది. శుక్రవారం కృష్ణుడి గుడికి వెళ్ళినప్పుడల్లా దేవుణ్ణే అడిగేవాడు.

"నువ్వే వచ్చినవా సామీ? అయితే ఒక్క మాట మాట్లాడితె నీ సొమ్మేం పోతుండె?"

దేవుడూ మాట్లాడలేదు.

"అన్నా, ఆ కాయ కుడుకైంది. తొక్కన్న నూరుకుందాం పా," అని ఏడిపించేవాడు అదే రూమ్‌లో ఉండే ఓంకార్.

"మొక్కు కాయరా తమ్మీ. ముట్టకు."

ఓంకార్ మస్కట్‌లోనే, ఖురం పేటలో ఒక ఆఫీసు కారు నడిపేవాడు. అతని సాబుకు పాత ఇంగ్లీషు సినిమాల పిచ్చి. ఆ క్యాసెట్లే శుక్రవారం భోజనాలయ్యాక రూమ్‌లో ఆడేవి. గుర్రాలు, తుపాకులు. భాష రాకపోయినా ఇబ్బంది లేదు.

చాలా సినిమాల్లో ఒకే మనిషి కనిపించేవాడు. ఒకసారి తలకు ఈకలు పెట్టుకున్న అడవి మనిషి, ఒకసారి గుర్రాల దొంగ, ఒకసారి చీనా వంటవాడు. వేషం ఏదైనా మాటలుండవు. సగం సినిమాకే తూటా తగులుతుంది. ముందు ఎడమ మోకాలు వంగుతుంది, తర్వాత మనిషి కూలుతాడు. రూమ్‌లో ఆయన పేరు 'సచ్చేటోడు'.

"ఏందిరా, గింతసేపాయె, మనోడింక సావలే?" అని ముందు అరిచేది గణపతే. పడగానే అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టేదీ గణపతే.

ఒక శుక్రవారం ఓంకార్ కబురు తెచ్చాడు.

"సచ్చేటోని సంగతి మా సాబు చెప్పిండన్నా. అమ్మానాయినలది మెక్సికోనట. ఈయన పుట్టింది అమెరికాలనే. గని నలభై ఏండ్లు దొంగ ఏషం, లేకుంటె పీనుగ ఏషం."

"రొండు మాటలన్న ఇయ్యద్దారా?"

"నోరు తెరిస్తె ఏషం పోతదన్నరట."

రూమంతా నవ్వింది.

"మన ఫోర్‌మన్ గూడ మనకు గదే చెప్తడు," అన్నాడు మూల మంచం మీది ప్లంబర్ దేవయ్య.



తొంభై ఒకటిలో ఓంకార్ కొత్త సినిమా తెచ్చాడు. రంగులది. ఎడారి, ఒంటెలు, ఖర్జూరపు తోటలు.

"అన్నా, జర చూడు! ఇది మన సమాయిల్ కోట గాదా?"

అవును, అదే కోట. తెల్ల హీరో గుర్రం మీద వచ్చాడు. కోట మెట్ల మీద ఒక ముసలాయన అడ్డం నిలబడ్డాడు. హీరో కాల్చాడు. ముందు ఎడమ మోకాలు వంగింది.

"అగో, సచ్చేటోడే! ముసలోడైనా సంపుడు ఇడిశిపెట్టలేరా!"

రూమంతా చప్పట్లు. గణపతి చెయ్యి మాత్రం లేవలేదు.

"ఆపు ఓంకారూ. ఆడ్నే ఆపు."

బొమ్మ తెర మీద వణుకుతూ ఆగింది.

"ఏమైందన్నా?"

గణపతి మంచం కమ్మీకి కట్టిన ముడుపు విప్పి, ఎండిన ఆ కాయను టీవీ ముందు, ఖంజర్ మీద చెయ్యి వేసి చచ్చిపడి ఉన్న తన షేక్ ముందు కొట్టాడు.