ఫ్రిజ్ వెనక ఎలక

విజయశ్రీ కత్తెరతో కొత్తిమీర వేళ్లు కత్తిరిస్తూ, వంటింట్లోంచే మొగుణ్ణి పిలిచింది.

"చైతూ, మళ్లీ బియ్యం సంచి కొరికేసింది."

సోఫాలో చైతన్య కదల్లేదు. ఉద్యోగం పోయిన దగ్గర్నుంచి ఆ సోఫానే అతని లోకం. టీవీలో సౌండ్ లేకుండా పాత కార్టూన్లు నడుస్తుంటాయి. పిల్లి ఎలకని తరుముతుంది, గోడకి గుద్దుకుని చపాతీలా అతుక్కుపోతుంది, ఊడిపడి మళ్లీ పరిగెడుతుంది. అతను నవ్వడు. ఎవరి ఫోనూ ఎత్తడు. అమెరికాలో వాళ్లుండే ప్లెయిన్స్‌బరోలో మంచు కరిగి, చెట్లు పూసి, ఆ పూలూ రాలిపోతున్నాయి. అతను మాత్రం గడప దాటలేదు. ఆ పిల్లి ఎన్నిసార్లు పడ్డా లేస్తుంది గాని, ఈ మనిషి ఇక లేవడేమోనని ఆమె భయం.

అపార్ట్‌మెంట్ లీజింగ్ ఆఫీస్‌కి చెప్తే పెస్ట్ కంట్రోల్ వాళ్లని పంపిస్తారు కదా అన్నాడు చైతన్య.

"వాళ్లు మందు పెట్టి చంపేస్తారు. వినాయకుడి వాహనం, పాపం. నువ్వే పట్టుకుని బయట వదిలెయ్. అదిగో, ఫ్రిజ్ వెనక్కి దూరింది."

అతను చీపురు పట్టుకుని లేచాడు. ఆ తర్వాతదంతా కలలో జరిగినట్టే. చీపురు తగిలి గోధుమపిండి డబ్బా బోర్లా పడింది. పిండి మేఘంలా లేచి మధ్యాహ్నపు ఎండలో మెల్లగా తేలింది. ఆ మేఘంలో అతను జారి, జారి, ఫ్రిజ్‌ని కావలించుకుని ఆగాడు. పైనున్న ఇడ్లీ రేకు అతని నెత్తిన పడి, నేలమీద గిరగిరా తిరుగుతూ చాలాసేపు మోగింది.

తెల్లటి కనుబొమలతో అతను ఇటు తిరిగాడు.

"చూశానే. బూడిద రంగు. ఇంత తోక."

విజయశ్రీ నవ్వాపుకోలేక నేలమీదే చతికిలబడింది. అతని పెదవి కూడా ఓ పక్కకి వంగింది. టీవీలో పిల్లి బోనులో చీజ్ ముక్క పెడుతోంది. అటే చూస్తూ, మనమూ ఓ అట్టపెట్టెలో చీజ్ పెడదామా అని అడిగాడు.

"సోనామసూరికి అలవాటుపడ్డ ఎలక, చీజ్ ఏం ముట్టుకుంటుంది? జీడిపప్పయితే వస్తుంది. ఇంట్లో లేదు."

ఆమె ఓరకంట అతని వంక చూసింది. అతను టీవీ వంక చూశాడు. తలుపు వంక చూశాడు. చెప్పుల్లో కాళ్లు దూర్చి, కార్ తాళాలు తీసుకుని బయటికి వెళ్లిపోయాడు.

గుమ్మం దాకా తెల్లటి అడుగులు మిగిలాయి.

విజయశ్రీ కత్తెర తీసి, రేపటికని కందిపప్పు సంచికి ఎలక పళ్ల గాట్లు పెట్టింది.