బాతు కట్టిన వేషం

కోళ్ల దొడ్లో చామంతి అనే పెట్ట ఉండేది. ఒకరోజు పొద్దున్నే దాని చెల్లెల్ని యజమాని కూరకు పట్టుకుపోయాడు. సాయంత్రం బుడ్డయ్య అనే బాతు ఆ యజమాని వేషమే కట్టింది. "బాగా తినండమ్మా! మీరు చిక్కిపోతే నా ప్రాణం విలవిల్లాడిపోతుంది," అంటూ ఒక్కో కోడి తొడా ఆప్యాయంగా నొక్కి చూసింది.

పుంజు మండిపడింది. "చావు జరిగిన చోట వెకిలి వేషాలా? నడువు బయటికి!"

బాతు తలొంచుకుని కదిలింది. అంతలో చామంతి కిసుక్కున నవ్వింది, నవ్వుతూనే ఏడ్చింది.

"ఉండు తమ్ముడూ! పొద్దుట్నుంచీ అందరూ నన్ను ఓదార్చారు. చెల్లిని చంపిందెవరో నువ్వొక్కడివే చెప్పావు. మళ్లీ చెయ్యి. ఈసారి కత్తి కూడా చూపించు," అంది.

కోళ్లన్నీ జరిగి బాతుకు చోటిచ్చాయి.