పగులులో గబ్బిలం

రాయపూర్ రైల్వే క్వార్టర్లో, వంటింటి గోడ పగులులోకి చిన్నారావు గబ్బిలాన్ని వదిలాడు. దాని కూతల ప్రతిధ్వని, పాత రేడియో విప్పి అతను చేసిన పెట్టెలో, ఎంతో దూరం నుంచి వినిపించింది.

"ఒసే తాయారూ! అవతలున్నది పక్కింటివాళ్ల గది కాదే. ఇంకో లోకం!"

భార్య కొంగుతో ముక్కు మూసుకుంది. "ఏ లోకమైతే నాకేటి? ఛీ, ఈ గబ్బిలం కంపుతో ఇల్లంతా బద్బూ! గుఢియారీ మురిక్కాలవే నయం. అది ఆ లోకపు కుళ్లు కూడా అంటించుకొస్తే ఊరుకోను. ఫినాయిల్‌తో కడిగాకే లోపలికి!"

బకెట్ తెచ్చి పగులు కిందే పెట్టింది.

గబ్బిలం తిరిగొచ్చింది. తాయారమ్మ దాన్ని పాతగుడ్డతో పట్టుకుని, బకెట్లో ముంచబోయి ఆగిపోయింది. అది అప్పటికే తడిసి ఉంది. ఎవరో సబ్బు పెట్టి, బొచ్చు ఊడేలా తోమారు.

ఆమె పగులు వైపు చూసింది. అవతలి నుంచి ఎవరో గబగబా సిమెంటు మెత్తేస్తున్నారు.